ఒంగోలు లాంటి ఊళ్లో గాలిని మనమే కొలిచి అర్థం చేసుకోవడం ఎలా

ఒంగోలులో కర్నూలు రోడ్డు మీద గ్రానైట్ లారీ వెనకాల బండి నడిపినవాళ్లకు గాలిలో దుమ్ముందని ఎవరూ చెప్పక్కర్లేదు. కానీ ఆ దుమ్ము ఎంత, ఏ వేళలో ఎక్కువ, అది రోడ్డుదా, తగలబెట్టిన చెత్తదా, పక్కన కడుతున్న అపార్ట్‌మెంటుదా అని అడిగితే ఎవరి ఊహ వాళ్లది. ఊహతో ఆఫీసుకు వెళితే "చూస్తాం" అంటారు. రెండు నెలల కొలతలు రాసిన నోటుపుస్తకంతో వెళితే అలా తేల్చేయడం కష్టం. ఆ నోటుపుస్తకం ఎలా తయారు చేయాలో, అందులోని అంకెల్ని ఎంతవరకు నమ్మొచ్చో ఇక్కడ వివరంగా చెబుతాను. ఉదాహరణలు ఎక్కువగా ఒంగోలువే. నెల్లూరు వాళ్లకు వేరుగా ఉండే సంగతి ఒకచోట విడిగా చెప్పాను.

ముందే ఒక మాట. గాలి కొలిచే సలహాలు చాలావరకు ఢిల్లీ లాంటి పొగ నగరాల కోసం రాసినవి. మన దగ్గర సమస్యలో పెద్ద వంతు ముతక దుమ్ముది. పైగా సముద్రం పక్కనే ఉన్నాం కాబట్టి గాలిలో తేమ ఎక్కువ. చవక సెన్సర్లు సరిగ్గా ఈ రెండు చోట్లే పొరబడతాయి. ముతక దుమ్మును తక్కువగా, తేమ పట్టిన గాలిని ఎక్కువ కలుషితంగా చూపిస్తాయి. ఈ సంగతి తెలియకుండా కొంటే, దుమ్ము రేగే మధ్యాహ్నం గాలి బాగుందనీ, మంచు కురిసే తెల్లవారుజామున ప్రమాదమనీ మెషిన్ చెబుతుంది. మనం నమ్మేస్తాం.

మొదటి అడుగు: అంకెల భాష తెలుసుకోవడం

గాలిలో తేలే కణాలను సైజును బట్టి విడదీస్తారు. 10 మైక్రాన్లు, అంతకన్నా చిన్నవన్నీ పీఎం 10. వాటిలో 2.5 మైక్రాన్లు, అంతకన్నా చిన్నవి పీఎం 2.5. తల వెంట్రుక మందం సుమారు 70 మైక్రాన్లు ఉంటుంది. రోడ్డు దుమ్ము, క్రషర్ దుమ్ము, సిమెంటు పొడి ఎక్కువగా ముతక వైపు ఉంటాయి. కట్టెల పొగ, చెత్త మంట, డీజిల్ పొగ సన్న వైపు ఉంటాయి. సన్నవి ఊపిరితిత్తుల లోపలి గాలిగదుల దాకా వెళతాయి. ముతకవి ముక్కులో, గొంతులో, పైగొట్టాల్లో ఆగి దగ్గు, ఆయాసం తెస్తాయి. కాబట్టి ముతకదే కదా అని తేలిగ్గా తీసుకోకూడదు.

మన దేశంలో 2009 నుంచి ఉన్న ప్రమాణం ప్రకారం 24 గంటల సగటు పీఎం 2.5 అయితే ఘనపు మీటరుకు 60 మైక్రోగ్రాములు, పీఎం 10 అయితే 100 దాటకూడదు. ఏడాది సగటుకు ఈ పరిమితులు 40, 60. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021లో చెప్పిన పరిమితులు ఇంకా కఠినం. పీఎం 2.5కు రోజుకు 15, ఏడాది సగటుకు 5. మన ప్రమాణం లోపల ఉన్నామంటే చట్టం ప్రకారం బాగున్నట్టు, అంతే. ఊపిరితిత్తులకు ఏ హానీ లేదని కాదు.

ఏక్యూఐ అనేది ఈ కొలతల నుంచి లెక్కగట్టిన గాలి నాణ్యత సూచిక. 2015లో మొదలైన మన జాతీయ సూచికలో ఎనిమిది కాలుష్యాలున్నాయి. ఒక్కోదానికి విడిగా మార్కు వేసి, అన్నిటికన్నా ఎక్కువ వచ్చినదాన్నే ఆ రోజు ఏక్యూఐగా ప్రకటిస్తారు. సగటు తీయరు. ఒక ఉదాహరణ చూద్దాం. 24 గంటల సగటు పీఎం 2.5 ఘనపు మీటరుకు 45 ఉంటే దాని మార్కు 75. అదే రోజు పీఎం 10 సగటు 130 ఉంటే దాని మార్కు 120. ఆ రోజు ఏక్యూఐ 120 అవుతుంది, ప్రధాన కాలుష్యం పీఎం 10 అని రాస్తారు. 50 వరకు మంచిది, 100 వరకు ఫరవాలేదు, 200 వరకు మధ్యస్థం, 300 దాటితే చాలా చెడ్డది. ఎప్పుడు ఏక్యూఐ చూసినా పక్కనే ప్రధాన కాలుష్యం ఏదో చూసే అలవాటు చేసుకోండి. అది ముతక దుమ్మా, సన్న పొగా అన్నదాన్ని బట్టే తర్వాత మనం చేయాల్సిన పని మారుతుంది.

రెండో అడుగు: ప్రభుత్వ లెక్క ఎక్కడుందో వెతకడం

2019లో మొదలైన జాతీయ శుద్ధ గాలి కార్యక్రమంలో ఆంధ్రప్రదేశ్ నుంచి 13 నగరాలున్నాయి. ఒంగోలు, నెల్లూరు రెండూ ఆ జాబితాలోవే. ప్రమాణాలను ఏళ్ల తరబడి అందుకోలేకపోయిన ఊళ్లనే అందులో చేర్చారు. అంటే ఈ ఊళ్లకు గాలి శుద్ధి ప్రణాళిక ఒకటి కాగితం మీద ఉండాలి, నిధుల లెక్కా ఉండాలి. ఇది గుర్తుపెట్టుకోండి, చివర్లో పనికొస్తుంది.

ప్రభుత్వ స్టేషన్లు రెండు రకాలు. నిరంతర స్టేషన్ గంట గంటకూ లెక్క ఇస్తుంది. కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి వారి సమీర్ యాప్‌లో అవి కనిపిస్తాయి. రెండోది చేత్తో నడిపే స్టేషన్. అక్కడ మేడ మీద పెట్టిన యంత్రం గాలిని ఫిల్టర్ కాగితం గుండా లాగుతుంది. ముందు, తర్వాత ఆ కాగితం బరువు తూచి లెక్క కడతారు. వారానికి రెండు రోజుల చొప్పున ఏడాదికి 104 రోజులు కొలవాలన్నది నియమం. మిగతా రోజుల సంగతి అందులో ఉండదు, వచ్చిన లెక్క కూడా ఆలస్యంగా బయటికొస్తుంది. కానీ తూచిన బరువు కాబట్టి ముతక దుమ్ము కూడా నిజంగా లెక్కలోకి వస్తుంది. మన ఊరికి సంబంధించి ఇది చాలా విలువైన సమాచారం. చేయాల్సింది ఇదీ: మీ ఊళ్లో ఏ రకం స్టేషన్ ఉంది, ఏ భవనం మీద ఉంది, గత మూడేళ్ల నెలవారీ పీఎం 10, పీఎం 2.5 లెక్కలేమిటి అని రాష్ట్ర కాలుష్య నియంత్రణ మండలి ప్రాంతీయ కార్యాలయంలో అడగండి. ఇవ్వకపోతే సమాచార హక్కు చట్టం ఉంది. పది రూపాయల ఫీజు, 30 రోజుల గడువు.

ఆ రెండు లెక్కలూ చేతికొస్తే పీఎం 2.5ను పీఎం 10తో భాగించి చూడండి. 0.4 కన్నా తక్కువ వచ్చిన నెలల్లో ముతక దుమ్ముదే పైచేయి, 0.6 దాటితే పొగది. ఇది పక్కా తీర్పు కాదు కానీ ఎటు వెతకాలో చెబుతుంది.

మూడో అడుగు: ఫోన్ యాప్‌లలో అంకెను పరీక్షించడం

వాతావరణం యాప్ తెరిస్తే ఏ పల్లెకైనా ఒక ఏక్యూఐ కనిపిస్తుంది. అక్కడ కొలిచే మెషిన్ ఉందని దాని అర్థం కాదు. స్టేషన్ లేనిచోట ఉపగ్రహ చిత్రాలు, గాలి లెక్కలు కలిపి కంప్యూటర్ వేసిన అంచనా అది. ఆ ఊరి వీధిలో లేచిన దుమ్ము దానికి తెలియదు. పైగా కొన్ని యాప్‌లు అమెరికా స్కేలు వాడతాయి. పైన చెప్పిన 45 మైక్రోగ్రాములకే మన స్కేలులో 75 వస్తే, అమెరికా స్కేలులో 124 వస్తుంది. అదే గాలి ఒక యాప్‌లో ఫరవాలేదు, ఇంకో యాప్‌లో జాగ్రత్త. అందుకే ఏక్యూఐ అంకెలు పోల్చి టెన్షన్ పడకుండా, మైక్రోగ్రాముల లెక్క ఎంతో చూసి అదే రాసుకోండి.

నాలుగో అడుగు: సెన్సర్ కొనడం

ఇంజనీరింగ్ కాలేజీల ప్రాజెక్టుల్లో ఎంక్యూ 135 అనే చిన్న సెన్సర్‌తో ఏక్యూఐ మీటర్ చేసి చూపిస్తుంటారు. అది కొన్ని వాయువులకు స్పందించే ముక్క మాత్రమే, దుమ్ము కణాలను అసలు కొలవదు. దానితో ఊరి గాలి లెక్క తేలదు. మీకు కావాల్సింది లేజర్ వెలుతురుతో కణాలను లెక్కించే సెన్సర్. ప్లాంటవర్ పీఎంఎస్ 5003, నోవా ఎస్‌డీఎస్ 011, సెన్సిరియన్ ఎస్‌పీఎస్ 30 ఈ కోవలోవి. దానికి రీడింగులను చదివి పంపే ఈఎస్‌పీ 32 అనే చిన్న కంప్యూటర్ బోర్డు, తేమ, ఉష్ణోగ్రత కొలిచే బీఎంఈ 280 ముక్క తగిలిస్తే సరిపోతుంది. తేమ కొలిచే ముక్క లేకుండా మాత్రం మొదలుపెట్టకండి. సముద్ర తీరంలో అది లేని రీడింగ్‌కు విలువ లేదు. చేతనైన కుర్రాళ్లు ఒక ఆదివారంలో బిగించేస్తారు. సెన్సర్ డాట్ కమ్యూనిటీ అనే స్వచ్ఛంద ప్రాజెక్టు సాఫ్ట్‌వేర్ ఉచితంగా దొరుకుతుంది, మీ రీడింగ్ ప్రపంచ పటం మీద కనిపిస్తుంది. ఇదంతా వద్దనుకుంటే రెడీమేడ్ మానిటర్ కొనుక్కోవచ్చు. కొనేముందు అది రీడింగులను నిల్వ చేసి ఫైలుగా ఇస్తుందా అని అడగండి. అప్పటికప్పుడు తెర మీద అంకె చూపించి ఊరుకునేది మనకు అక్కరకు రాదు.

నోవా సెన్సర్ ఆయుష్షు 8,000 గంటలు. ఆపకుండా నడిపితే ఏడాది లోపే అయిపోతుంది. అయిదు నిమిషాలకోసారి కాసేపు నడిచేలా పెట్టుకుంటే ఏళ్లు వస్తుంది.

వీలైతే ఇద్దరు ముగ్గురు కలిసి ఒకే రకం సెన్సర్లు రెండు కొనండి. ఒకటి పెద్ద రోడ్డు పక్కన, ఒకటి లోపలి వీధిలో. ఒకే సెన్సర్ చూపే అంకె కన్నా, రెండింటి మధ్య తేడా ఎక్కువ నమ్మదగినది.

అయిదో అడుగు: పెట్టే చోటు

మనిషి పీల్చే ఎత్తులో, అంటే నేల నుంచి ఒకటిన్నర నుంచి మూడు మీటర్ల మధ్య పెట్టండి. నీడ ఉండాలి, వాన జల్లు పడకూడదు, గాలి మాత్రం ధారాళంగా ఆడాలి. వరండా చూరు కింద బయటి అంచు మంచి చోటు. వంటింటి కిటికీ, ఏసీ అవుట్‌డోర్ యూనిట్, తులసికోట దగ్గర అగరుబత్తి, బండి స్టార్ట్ చేసే చోటు, వీటన్నిటికీ దూరంగా ఉండాలి. పోపు పెట్టిన ప్రతిసారీ రీడింగ్ ఎగిరిపడుతుంటే మీరు కొలుస్తున్నది ఊరి గాలి కాదు. నెలకోసారి సెన్సర్ గాలి రంధ్రంలో సాలెగూడు, చీమలు లేకుండా చూసుకోండి.

ఆరో అడుగు: రీడింగ్‌ను సరిచూడడం

ముందు రెండు సెన్సర్లనూ పక్కపక్కనే ఒక వారం నడపండి. రెండూ కలిసి పెరిగి కలిసి తగ్గుతుంటే మంచిది. ఒకటి ఎప్పుడూ మరోదానికన్నా ఇంత ఎక్కువ చూపిస్తుంటే ఆ నిష్పత్తి రాసుకుని తర్వాత సరిచేయండి. దగ్గర్లో నిరంతర స్టేషన్ ఉంటే దాని పక్కన ఒకటి రెండు వారాలు పెట్టి పోల్చగలిగితే ఇంకా మేలు. ఒక సైన్సు టీచరు లేఖతో వెళితే అనుమతి దొరికే అవకాశం ఎక్కువ.

ఇక తేమ సంగతి. గాలిలో తేమ 80 శాతం దాటాక సన్న కణాలు నీళ్లు పీల్చుకుని ఉబ్బుతాయి. లేజర్ కంటికి అవి పెద్ద కణాల్లా కనిపిస్తాయి. పొగమంచు ఉంటే నీటి బిందువులనే దుమ్ముగా లెక్కేస్తుంది. ప్రభుత్వ పద్ధతిలో కణాలను ఆరబెట్టి తూస్తారు కాబట్టి అక్కడ ఈ చిక్కు లేదు. తేమగా ఉన్న తెల్లవారుజామున మన సెన్సర్ అసలుకు రెట్టింపు కూడా చూపించొచ్చు. దీనికి లెక్కల సూత్రాలున్నాయి, కానీ మొదలుపెట్టేవాళ్లకు తేలిక దారి ఒకటి చెబుతాను. తేమ 80 శాతం పైన ఉన్న గంటల్ని వేరే రంగు పెన్నుతో గుర్తించండి. రోజుల్ని పోల్చేటప్పుడు ఆ గంటల్ని పక్కన పెట్టండి. పోల్చాల్సి వస్తే తేమ దాదాపు సమానంగా ఉన్న గంటలతోనే పోల్చండి.

ఏడో అడుగు: సెన్సర్‌కు కనిపించని దుమ్మును పట్టడం

మన జిల్లాకు అన్నిటికన్నా అవసరమైన అడుగు ఇదే. చీమకుర్తి క్వారీలు, గ్రానైట్ పాలిషింగ్ యూనిట్లు, టిప్పర్లు, ఎండిన స్లరీ (రాయి కోసి నునుపు చేసేటప్పుడు వచ్చే బురద), రోడ్డు అంచుల్లో పేరుకున్న మట్టి, ఇవన్నీ పుట్టించేది ఎక్కువగా ముతక దుమ్మే. చవక సెన్సర్ లోపలి చిన్న ఫ్యాను ఆ పెద్ద కణాలను సరిగ్గా లాగలేదు. తెర మీద పీఎం 10 అని అంకె చూపిస్తుంది కానీ అది చాలావరకు సన్న కణాల లెక్క నుంచి కట్టిన అంచనా. క్వారీ పక్కన నిలబడి చూసినా "బాగుంది" అనొచ్చు. దాన్ని పట్టుకుని "మీ ఊళ్లో గాలి బాగానే ఉంది కదా" అని ఎవరైనా అంటే ఒప్పుకోకండి. సెన్సర్ చూపిన పీఎం 10 అంకెను ఫిర్యాదులోనూ వాడకండి, ఎదుటివాళ్లను వాడనివ్వకండి.

దీనికి పాతకాలపు పద్ధతి ఉంది, రాలిన దుమ్మును పట్టి తూచడం. 20 సెంటీమీటర్ల వెడల్పు మూతి, నిటారు గోడలు ఉన్న శుభ్రమైన ప్లాస్టిక్ బకెట్ తీసుకోండి. పడిన దుమ్ము మళ్లీ ఎగిరిపోకుండా అడుగున నీళ్లు పోయండి. బోరునీళ్లు వద్దు, అందులోని లవణాలు మిగిలి బరువు పెరుగుతుంది. బ్యాటరీలో పోసే డిస్టిల్డ్ వాటర్ వాడండి. మేడ మీద చెట్టు, గోడ అడ్డం లేనిచోట స్టాండు మీద పెట్టి, పక్షులు వాలకుండా పైన వెడల్పు కళ్ల వల కట్టండి. ఎండాకాలం నీళ్లు త్వరగా ఇగిరిపోతాయి, రోజూ చూసి పోస్తుండాలి. 30 రోజుల తర్వాత ఆకులు, పురుగులు ఏరేసి, ముందే తూచి పెట్టుకున్న గిన్నెలో నీళ్లు ఇగిరేదాకా సన్న సెగ మీద ఉంచి మళ్లీ తూయండి. బంగారం కొట్లో వాడే తూకం గానీ కాలేజీ ల్యాబు తూకం గానీ కావాలి. ఆ బకెట్ మూతి వైశాల్యం 0.0314 చదరపు మీటర్లు. 0.3 గ్రాముల దుమ్ము వస్తే నెలకు చదరపు మీటరుకు దాదాపు తొమ్మిదిన్నర గ్రాములు రాలినట్టు. లారీల రోడ్డు పక్కన ఒక బకెట్, అర కిలోమీటరు లోపల ఒక బకెట్ పెట్టి ఒకే నెలలో కొలిస్తే ఆ రోడ్డు వాటా ఎంతో బయటపడుతుంది. ఈ పని ఫిబ్రవరి నుంచి మే లోపు చేయండి. అక్టోబరు, నవంబరు వానల్లో బకెట్ పొంగిపోతుంది.

ఇంత శ్రమ కుదరకపోతే గాజు పలక మీద పల్చగా వ్యాజ్‌లైన్ రాసి ఒక రోజంతా బయట ఉంచి, భూతద్దంతో చూసి ఫోటో తీయండి. బరువు తెలియదు గానీ రంగు తెలుస్తుంది. నల్లటి మసి తునకలుంటే మంట, బూడిద రంగు మెరుపు రజను ఉంటే రాయి పొడి, ఎర్రగా ఉంటే మట్టి అని అనుమానించొచ్చు. పిల్లలతో చేయించడానికి ఇది చక్కటి పని.

ఎనిమిదో అడుగు: నోటుపుస్తకం

రోజుకు మూడుసార్లు, ఉదయం ఏడింటికి, మధ్యాహ్నం రెండింటికి, రాత్రి తొమ్మిదింటికి రాయండి. పీఎం 2.5, తేమ, గాలి ఎటు నుంచి, ముక్కుకు తగిలిన వాసన, కంటికి కనిపించిన మంట లేదా పని. గాలి దిక్కుకు మేడ మీద ఒక రిబ్బను కడితే చాలు. దూరంగా ఉన్న సెల్ టవరో నీళ్ల ట్యాంకో ఒకటి ఎంచుకుని అది స్పష్టంగా కనిపిస్తోందా లేదా కూడా రాయండి. సెన్సర్ అంకె ఒక్కటే ఉంటే ఎంత అన్నది తెలుస్తుంది. పక్కన గాలి దిక్కు, వేళ ఉంటేనే ఎక్కడి నుంచి అన్నది తెలుస్తుంది.

అలా రాస్తూ పోతే కొన్ని నమూనాలు కనిపిస్తాయి. చలికాలం రాత్రి నేల చల్లబడి, కింద చల్లగాలి, పైన వెచ్చటి గాలి మూతలా నిలుస్తాయి. పొగ పైకి పోలేక వీధుల్లోనే తిరుగుతుంది. అందుకే డిసెంబరు, జనవరిలో రాత్రి, తెల్లవారుజాము రీడింగులు ఎక్కువగా ఉంటాయి. ఎండ ఎక్కాక గాలి పైకీ కిందకీ కలిసి అంకె దిగుతుంది. ఎండాకాలం కొత్తపట్నం వైపు నుంచి సముద్రపు గాలి తిరిగాక సన్న కణాలు ఇంకా తగ్గుతాయి, అయితే అదే గాలి ఎండిన రోడ్ల మీద ముతక దుమ్మును లేపుతుంది. జూన్, జూలైల్లో పడమటి గాలి పొడిగా వీస్తుంది, చీమకుర్తి ఉన్నదీ అటువైపే. అయినా ముతక దుమ్ము ఎక్కువ దూరం తేలదు, పుట్టినచోటి నుంచి కొద్ది కిలోమీటర్లలోనే చాలావరకు రాలిపోతుంది. కాబట్టి చీమకుర్తి దుమ్ము ఒంగోలుకు గాలిలో వచ్చేదానికన్నా, పట్టా కప్పని లారీల నుంచి, వాటి టైర్ల నుంచి రోడ్డు మీద రాలేదే ముఖ్యమని నా అభిప్రాయం. బకెట్ లెక్కతో దీన్ని మీరే పరీక్షించొచ్చు.

జనవరి నుంచి ఏప్రిల్ దాకా చుట్టుపక్కల ఊళ్లలో పొగాకు బ్యారన్లు, అంటే ఆకును వేడితో ఆరబెట్టే గదులు, మండుతాయి. ఎక్కువ బ్యారన్లకు కట్టెలే ఇంధనం కాబట్టి వచ్చేది సన్న పొగ, సెన్సర్‌కు బాగా దొరుకుతుంది. బ్యారన్ పక్కనే కాపురముండే కూలీల ఇళ్ల దగ్గర రాత్రి రీడింగ్ తీసి చూడండి. ఊరి సగటు గురించి మాట్లాడేటప్పుడు వాళ్లను మరిచిపోవడం అన్యాయం. భోగి మంటల్లో టైర్లు వేస్తే ఆ ఉదయం రీడింగ్‌లో తెలుస్తుంది. దీపావళి మన దగ్గర వానల కాలంలో పడుతుంది కాబట్టి మర్నాడు వాన పడితే పొగ త్వరగా కడుక్కుపోతుంది.

నెల్లూరు వాళ్లకు ఒక తేడా. కృష్ణపట్నం వైపు పోర్టు, బొగ్గు విద్యుత్ కేంద్రాలు ఉన్నాయి. అక్కడ బొగ్గు పొడి, బూడిదతో పాటు సల్ఫర్ డయాక్సైడ్ కూడా లెక్కలోకి తీసుకోవాలి. అది వాయువు, మన లేజర్ సెన్సర్‌కు కనపడదు. దూరం పోయాక కొంత సన్న కణాలుగా మారి కనపడుతుంది. కాబట్టి ముత్తుకూరు మండలంలో ఉండేవాళ్లు సొంత సెన్సర్ మీదే ఆధారపడకుండా, పొగగొట్టాల దగ్గర నిరంతరం తీసే లెక్కల్ని కాలుష్య నియంత్రణ మండలి నుంచి అడిగి తీసుకోవాలి.

తొమ్మిదో అడుగు: తెలిసినదాన్ని వాడడం

ఇంటి మట్టుకు చేయగలిగేవి చెబుతాను. చలికాలంలో తెల్లవారుజామున ట్రంక్ రోడ్డు, బైపాస్ పక్కన నడక మానేసి, ఎండ కాస్త ఎక్కాక లోపలి వీధుల్లో నడవండి. ఇల్లు పొడిచీపురుతో ఊడిస్తే దుమ్ము గాలిలోకి లేస్తుంది, తడిగుడ్డ మేలు. ఆస్తమా ఉన్న పిల్లల గదిలో దోమల కాయిల్, అగరుబత్తి వెలిగించకండి. ఒకసారి సెన్సర్‌ను అక్కడ పెట్టి కాయిల్ వెలిగించి చూస్తే ఇంట్లో పెద్దవాళ్లకు ఎవరూ నచ్చజెప్పక్కర్లేదు. రోడ్డు మీద పనిచేసేవాళ్లకు గుడ్డ మాస్కు ముతక దుమ్మును కొంత ఆపుతుంది, సన్న పొగకు ఎన్95 కావాలి.

ఊరి మట్టుకు అయితే ఫిర్యాదు ఒక్క మూలానికి, ఒక్క వీధికి పరిమితమై ఉండాలి. "ఒంగోలులో కాలుష్యం పెరిగింది" అని రాస్తే అది ఎవరి పనీ కాదు. "ఫలానా వీధి చివర ఖాళీ స్థలంలో రాత్రి తొమ్మిది తర్వాత చెత్త తగలబెడుతున్నారు, ఈ తేదీల్లో రీడింగ్ ఇంత నుంచి ఇంతకు పెరిగింది, గాలి దిక్కు ఇది, ఫోటోలు ఇవి" అని రాయండి. 2016 ఘన వ్యర్థాల నిబంధనల నుంచే బహిరంగంగా చెత్త కాల్చడం నిషేధం. అదే ఏడాది జాతీయ హరిత ట్రిబ్యునల్ దీనికి 5,000 రూపాయల పరిహారం విధించాలని చెప్పింది. ఈ రెండింటినీ ఫిర్యాదులో ప్రస్తావించండి. చెత్త మంట, రోడ్డు ఊడ్పు, నీళ్లు చల్లడం నగరపాలక సంస్థ పని. క్వారీ, క్రషర్, పాలిషింగ్ యూనిట్ అయితే కాలుష్య నియంత్రణ మండలికి. పట్టా కప్పకుండా తిరిగే లారీలు రవాణా శాఖకు. మూడింటికీ సంబంధించినదైతే సోమవారం కలెక్టరేట్‌లో జరిగే ప్రజా సమస్యల పరిష్కార వేదికలో అర్జీ ఇచ్చి రసీదు నంబరు తీసుకోండి. శుద్ధ గాలి కార్యక్రమం కింద మన ఊరికి ఎంత వచ్చింది, ఏ రోడ్డుకు ఎంత ఖర్చు పెట్టారు అని సమాచార హక్కు కింద అడిగి, ఆ కాగితం కూడా అర్జీకి జతచేయండి.

మీ సెన్సర్ అంకెలను చట్టపరమైన సాక్ష్యంగా చూపకండి, అవి నిలవవు. ఫలానా చోట, ఫలానా వేళ అధికారిక యంత్రంతో 24 గంటలు కొలవమని అడగడానికి వాటిని ఆధారంగా చూపండి. అలా అడిగితే కాదనడానికి కారణం చెప్పాల్సింది వాళ్లే అవుతారు. వాళ్లు వచ్చి కొలిచే రోజున మీ సెన్సర్‌ను అక్కడే ఆన్‌లో ఉంచి, వాళ్లదీ మీదీ రెండు లెక్కలూ రాసుకోండి. ఆ రోజు యూనిట్ మూసేసి ఉందా, రోడ్డు మీద అప్పుడే నీళ్లు చల్లారా అన్నది కూడా తేదీ వేసి రాయండి. పని జరిగాక ఆపేయకుండా అదే చోట, అదే నెలలో, అదే వేళకు మరుసటి ఏడాది మళ్లీ కొలవండి. వానలు, గాలి దిక్కు మారిపోతాయి కాబట్టి మార్చిని మార్చితోనే పోల్చాలి.